అనోవా అజంప్షన్స్ తప్పాయా? ముందు ఏం చూడాలి, తర్వాత ఏం చేయాలి

థీసిస్ సబ్మిషన్ దగ్గరపడితే చాలు ఒకటే ప్రశ్న, "అనోవా చేశాను, షాపిరో టెస్టులో పి వాల్యూ 0.02 వచ్చింది, డేటా మొత్తం పోయినట్టేనా, క్రుస్కల్ వాలిస్ కి వెళ్ళిపోవాలా" అని. వెళ్ళక్కర్లేదు, కనీసం ఇప్పుడే వెళ్ళక్కర్లేదు. అనోవా అంటే చాలా గ్రూపుల మీన్స్ (సగటులు) మధ్య నిజంగా తేడా ఉందా అని చూసే టెస్టు, షాపిరో నార్మాలిటీ చూసేది, క్రుస్కల్ వాలిస్ నంబర్ల బదులు ర్యాంకులతో గ్రూపుల్ని పోల్చేది. పి వాల్యూ అంటే అసలు తేడా లేకపోయినా ఇలాంటి ఫలితం ఊరికే వచ్చే అవకాశం, 0.05 లోపైతే సిగ్నిఫికెంట్ అంటారు. అనోవాకి ముఖ్యంగా మూడు షరతులు. రీడింగులు ఒకదాని మీద ఒకటి ఆధారపడకూడదు (ఇండిపెండెన్స్), గ్రూపులన్నిట్లో వేరియన్స్ (నంబర్లు మీన్ చుట్టూ ఎంత చెదిరాయో) ఇంచుమించు ఒకేలా ఉండాలి, రెసిడ్యూవల్స్ (ఒక్కో రీడింగుకీ దాని గ్రూపు మీన్ కీ తేడా) నార్మల్ గా, అంటే గంట ఆకారంలో ఉండాలి. మనవాళ్ళు చూసేది చివర్నుంచి, నార్మాలిటీకి రెండు మూడు టెస్టులు పెడతారు, వేరియన్స్ కి ఒకటి, ఇండిపెండెన్స్ సంగతి అసలు ఎత్తరు. దెబ్బ తగిలే వరస మాత్రం సరిగ్గా దీనికి ఉల్టా.

ఊరికే చెప్తే ఎక్కదు కాబట్టి ఒక డేటా పెట్టుకుని చూద్దాం. ఆర్ అనే స్టాటిస్టిక్స్ సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ చేస్తే దాంతోపాటే వచ్చే ఇన్‌సెక్ట్‌స్ప్రేస్ అనే డేటా ఉంది, 1942లో బీల్ అనే ఆయన బయోమెట్రికాలో పొలం ప్రయోగాల డేటాని ఎలా ట్రాన్స్‌ఫామ్ చేయాలి (రూటు, లాగ్ లాంటివి వేసి మార్చాలి) అనే విషయం మీదే రాసిన పేపర్లోది. ఆరు పురుగుమందులు, ఏ నుంచి ఎఫ్ దాకా, ఒక్కోదానికి 12 మళ్ళు, మడికి ఎన్ని పురుగులు కనిపించాయో లెక్క, మొత్తం 72 నంబర్లు. మామూలు అనోవా పెడితే ఎఫ్ వాల్యూ (గ్రూపుల మధ్య తేడా, గ్రూపుల లోపలి చెదురుకి ఎన్ని రెట్లో చెప్పే నంబరు) 34.7, పి వాల్యూ ఇంచుమించు సున్నా. (ఎఫ్ మందు వేరు, ఎఫ్ వాల్యూ వేరు, పేర్లు నేను పెట్టలేదు.)

ముందు ఫీల్డ్ బుక్ తెరవండి, సాఫ్ట్‌వేర్ తర్వాత

ఇండిపెండెన్స్ కి బటన్ నొక్కితే వచ్చే టెస్టు ఉండదు, ప్రయోగం ఎలా చేశారో గుర్తు తెచ్చుకోవడమే టెస్టు. మన అగ్రికల్చర్ పీజీ ప్రయోగాల్లో మామూలుగా జరిగేదేంటంటే మడికి ఐదు మొక్కలకి ట్యాగ్ కట్టి పురుగులు లెక్కపెడతారు, మూడు రెప్లికేషన్లు (ఒకే మందు కొట్టిన మూడు మళ్ళు), అంటే ఒక్కో ట్రీట్‌మెంట్ కి 15 నంబర్లు, ఆ 15 నీ 15 రెప్లికేషన్లుగా సాఫ్ట్‌వేర్ కి తినిపించేస్తారు. మందు కొట్టింది మడికి, మొక్కకి కాదు. ఒకే మడిలో ఉన్న ఐదు మొక్కలూ ఒకే నేల, ఒకే నీళ్ళు, ఒకే పక్క గట్టు, కాబట్టి వాటి లెక్కలు ఒకదాన్నొకటి పోలి ఉంటాయి, ఎర్రర్ డిగ్రీస్ ఆఫ్ ఫ్రీడమ్ (ఎర్రర్ లెక్కకి దొరికే స్వతంత్ర సమాచారం) ఉత్తినే ఉబ్బిపోయి లేని తేడాలు కూడా సిగ్నిఫికెంట్ అని వస్తాయి. దీనికి ఏ ట్రాన్స్‌ఫర్మేషనూ మందు కాదు. మడికి ఒక సగటు తీసి ఆ సగటుతో అనోవా చేయండి, అంతే, లేదంటే మడిని ర్యాండమ్ ఎఫెక్ట్ గా పెట్టి మిక్స్‌డ్ మోడల్ (ఒకే మడి మొక్కల మధ్య పోలికని లెక్కలోకి తీసుకునే మోడల్) కి వెళ్ళండి. స్ప్రే చేసిన 3, 7, 10 రోజులకి తీసిన రీడింగులూ అంతే, అవే మళ్ళు కదా, మూడింటినీ ఒకే అనోవాలో వేరే వేరే మళ్ళలాగా కలపకూడదు.

మన డేటాలో సి మందు నంబర్లు వరసగా 0, 1, 7, 2, 3, 1, 2, 1, 3, 0, 1, 4. డి మందువి 3, 5, 12, 6, 4, 3, 5, 5, 5, 5, 2, 4. రెండిట్లోనూ మూడో నంబరే పైకి లేచింది, చూశారా? ఆర్ లో ఉన్న డేటాకి రెండే కాలమ్స్, లెక్క, మందు పేరు, కాబట్టి ఇక్కడ మనం ఇంకేం అడగలేం. మీ డేటాలో ఇలా కనిపిస్తే మాత్రం వెంటనే అడగాలి, ఆ మూడోది ఒకే బ్లాకా (పొలంలో ఒకే చోట ఉన్న మళ్ళ గుంపా), ఆ బ్లాకు చెరువు పక్కన ఉందా, బ్లాకుని మోడల్ లో పెట్టానా లేదా అని. ఆర్‌బీడీ (బ్లాకులున్న డిజైన్) వేసి, అనాలిసిస్ మాత్రం సీఆర్‌డీ (బ్లాకుల్లేని డిజైన్) లాగా చేసేసిన థీసిస్ లు బోలెడు.

వేరియన్స్: అసలు గొడవ ఇక్కడే

ప్రతి గ్రూపుకీ మీన్, వేరియన్స్ పక్కపక్కన రాయండి, పేపర్ మీదైనా సరే. ఏ కి మీన్ 14.5, వేరియన్స్ 22.3. బి కి 15.3, 18.2. సి కి 2.1, 3.9. డి కి 4.9, 6.3. ఇ కి 3.5, 3.0. ఎఫ్ కి 16.7, 38.6. టెస్టు అవసరమే లేదు, పురుగులు ఎక్కువున్న చోట వేరియన్స్ ఎక్కువ, తక్కువున్న చోట తక్కువ, ఎఫ్ వేరియన్స్ ఇ వేరియన్స్ కి దాదాపు 13 రెట్లు. స్టాండర్డ్ డీవియేషన్స్ లో పెద్దది చిన్నదానికి రెండు రెట్ల లోపు ఉంటే పర్లేదు అనే ఒక మోటు లెక్క ఉంది, ఇక్కడ అది మూడున్నర దాటింది. రెసిడ్యూవల్స్ వర్సెస్ ఫిటెడ్ (ఇక్కడ గ్రూపు మీన్) ప్లాట్ వేస్తే ఎడమ పక్క చుక్కలు ఇరుగ్గా, కుడి పక్కకి పోయేకొద్దీ గరాటులాగా విచ్చుకుని కనిపిస్తాయి, ఆ ఒక్క బొమ్మ చాలు.

టెస్టు కావాల్సిందే అని గైడు గారు అంటే లెవీన్ పెట్టండి, అదీ మీడియన్ తో చేసేది, దాన్నే బ్రౌన్-ఫోర్సైత్ అంటారు. ఇక్కడ పి వాల్యూ 0.004 వస్తుంది. బార్ట్‌లెట్ పెడితే 0.0001 కంటే తక్కువ, కానీ బార్ట్‌లెట్ నార్మాలిటీ తేడాగా ఉన్నా అరుస్తుంది, వేరియన్స్ వల్ల అరిచిందో, దానివల్ల అరిచిందో తెలీదు. ఇంకో విషయం, మూడు రెప్లికేషన్లే ఉంటే లెవీన్ కి ఏమీ దొరకదు, మూడింట్లో ఒక నంబరు మీడియనే అవుతుంది కాబట్టి దాని తేడా ఎప్పుడూ సున్నానే, పట్టుకునే బలం ఇంక ఎక్కడిది. "నాన్ సిగ్నిఫికెంట్ వచ్చింది, వేరియన్స్ సమానమే" అని రాసుకుని నిద్రపోకండి, ప్లాట్ చూడండి.

సరే వేరియన్స్ సమానం కాదు, అయితే ఏంటి? ఎఫ్ వాల్యూ 34.7 కదా, ఎలా చూసినా మందుల మధ్య తేడా ఉంది కదా? నిజమే, వెల్ష్ అనోవా (సమాన వేరియన్స్ అడగనిది) చేసినా 36.1 వస్తుంది, క్రుస్కల్ వాలిస్ చేసినా కై స్క్వేర్ 54.7, అందరూ ఒకటే మాట. దెబ్బ పడేది ఆ తర్వాత, జతలు జతలుగా పోల్చేటప్పుడు. సి కి, డి కి మధ్య తేడా 2.83 పురుగులు. మామూలు అనోవా అన్ని గ్రూపుల వేరియన్స్ కలిపి ఒకే ఎర్రర్ తయారుచేస్తుంది, అది 15.4, దాంట్లో సింహభాగం ఏ, బి, ఎఫ్ లది. ఆ ఎర్రర్ తో సి-డి తేడాకి స్టాండర్డ్ ఎర్రర్ (ఆ తేడా ఎంత అటూఇటూ ఊగగలదో) 1.6 అవుతుంది. సి, డి ల సొంత వేరియన్స్ తోనే లెక్కేస్తే 0.92 మాత్రమే. అంటే ఎక్కడో ఎఫ్ మందు కొట్టిన మళ్ళలో ఉన్న గందరగోళానికి సి, డి లు శిక్ష అనుభవిస్తున్నాయి, ట్యూకీలో (అన్ని జతల్నీ పోల్చే టెస్టు) పి వాల్యూ 0.49 వచ్చి "రెండూ ఒకటే" అని తేలిపోతుంది. రైతుకి కావాల్సిందేమో బాగా పనిచేసే మూడు మందుల్లో ఏది ఇంకా మంచిదనే, సరిగ్గా అక్కడే మన అనాలిసిస్ గుడ్డిది అయిపోయింది.

ఇక్కడ గ్రూపులన్నీ 12 చొప్పున సమానం కాబట్టి మొత్తం ఎఫ్ టెస్టు తట్టుకుంది. గ్రూపు సైజులు వేరేవేరైతే అంత సీన్ ఉండదు. చిన్న గ్రూపులో వేరియన్స్ పెద్దగా ఉంటే లేని తేడా ఉన్నట్టు వస్తుంది, పెద్ద గ్రూపులో వేరియన్స్ పెద్దగా ఉంటే ఉన్న తేడా కనిపించకుండా పోతుంది. మొదటిదే ఎక్కువ ప్రమాదం.

మరి ఏం చేయాలి

ఇది లెక్కపెట్టిన డేటా, మీన్ తో పాటు వేరియన్స్ పెరుగుతోంది, కాబట్టి స్క్వేర్ రూట్ సహజంగా సరిపోతుంది. లెక్కలకి √ వేసి మళ్ళీ అనోవా చేస్తే ఎఫ్ వాల్యూ 44.8 కి పెరుగుతుంది, బార్ట్‌లెట్ పి వాల్యూ 0.59 కి వస్తుంది, గరాటు పోతుంది, సి-డి తేడా ట్యూకీలో సిగ్నిఫికెంట్ గా బయటపడుతుంది. సున్నాలు, చిన్న లెక్కలు ఎక్కువుంటే మన దగ్గర అందరూ వేసే √(లెక్క + 0.5) వేయండి. వేరియన్స్ కాకుండా స్టాండర్డ్ డీవియేషనే మీన్ తో సమానంగా పెరుగుతుంటే అప్పుడు లాగ్. 20 పురుగుల్లో ఎన్ని చచ్చాయి లాంటి పర్సెంటేజీలకి ఆర్క్‌సైన్ వేయడం ఆనవాయితీ, అయితే అన్నీ 30 నుంచి 70 మధ్యే ఉంటే అదీ అక్కర్లేదు, నిజానికి ఈ రోజుల్లో దానికి లాజిస్టిక్ మోడలే (చచ్చిందా బతికిందా లాంటి డేటా కోసం చేసినది) మేలు. పర్సెంట్ గుర్తు కనిపించిందని ప్రోటీన్ శాతానికి, తేమ శాతానికి, కంట్రోల్ మీద దిగుబడి పెరుగుదల శాతానికి కూడా ఆర్క్‌సైన్ కొట్టేస్తుంటారు, అవి లెక్కల నుంచి వచ్చిన శాతాలు కావు, వదిలేయండి.

ట్రాన్స్‌ఫర్మేషన్ ఇష్టం లేదా, లేదా ఏం వేసినా కుదరట్లేదా, వెల్ష్ అనోవా చేసి వెనక గేమ్స్-హోవెల్ అనే జతల టెస్టు పెట్టండి, ట్యూకీ పెట్టకండి, అది మళ్ళీ సమాన వేరియన్సే అడుగుతుంది. సి-డి జత గేమ్స్-హోవెల్ లో 5 శాతం గీతకి కొంచెం అవతల, సిగ్నిఫికెంట్ కాని వైపు పడుతుంది, అంటే ట్రాన్స్‌ఫర్మేషన్ తో ఒకలాగా, దీంతో ఇంకోలాగా. ఇలాంటప్పుడు నచ్చింది ఏరుకోవడం కాదు, ఏది చేస్తామో డేటా రాకముందే అనుకుని ఉండాలి, డేటా లెక్కలదని ముందే తెలుసు కదా. వెల్ష్ కి ఒక ఇబ్బంది, బ్లాకులు ఉంటే పనిచేయదు, మూడు రెప్లికేషన్లకి బలమూ చాలదు.

నా వోటు మాత్రం జీఎల్ఎం (జనరలైజ్డ్ లీనియర్ మోడల్) కి. లెక్కల డేటాని లెక్కలుగానే చూస్తుంది, బ్లాకులూ పెట్టుకోవచ్చు. పాయిసన్ (లెక్కల డేటాకి వాడే మామూలు రకం) పెడితే ఇక్కడ రెసిడ్యూవల్ డీవియన్స్ (మోడల్ కి అందకుండా మిగిలిన తేడా) 98.3, డిగ్రీస్ ఆఫ్ ఫ్రీడమ్ 66, అంటే దాదాపు ఒకటిన్నర రెట్లు, ఒకటికి దగ్గరుండాల్సింది ఎక్కువుంది కాబట్టి ఆ అదనపు చెదురుని లెక్కలోకి తీసుకునే క్వాసీ పాయిసన్ కి మారితే సరి. ఇంకా చాలా ఎక్కువుంటే నెగెటివ్ బైనామియల్.

క్రుస్కల్ వాలిస్ ని అందరూ సర్వరోగ నివారిణి లాగా వాడతారు, కానీ గ్రూపుల ఆకారం, విస్తృతి వేరేవేరుగా ఉంటే అది మీడియన్స్ ని పోల్చినట్టు కాదు, వేరియన్స్ సమస్యకి అది జవాబు కాదు. ర్యాంకింగ్ స్కోర్లకి, కొలత నమ్మకం లేని డేటాకి బాగుంటుంది, తర్వాత జతలు పోల్చడానికి డన్ టెస్టు.

నార్మాలిటీ గురించి రెండే మాటలు. చూడాల్సింది రెసిడ్యూవల్స్ ని, ముడి డేటాని కాదు, 72 నంబర్లనీ కలిపి హిస్టోగ్రామ్ వేస్తే రెండు మూపురాలు వస్తాయి, అది మందులు పనిచేసినందుకు వచ్చింది. ఇక్కడ రెసిడ్యూవల్స్ షాపిరో పి వాల్యూ 0.022, మొదట్లో చెప్పిన కంగారు నంబరు లాంటిదే, కానీ కారణం అసలు వేరియన్స్ గరాటే, దాన్ని సరిచేస్తే ఇదీ చాలావరకు సర్దుకుంటుంది. శాంపిల్ చిన్నదైతే షాపిరో ఏదీ పట్టుకోదు, పెద్దదైతే పనికిమాలిన తేడా కూడా పట్టుకుంటుంది, క్యూ-క్యూ ప్లాట్ (నార్మల్ అయితే చుక్కలు ఒకే గీత మీద పడే బొమ్మ) చూసి తోకలు మరీ వంకరగా ఉంటేనే పట్టించుకోండి.

ఒక్కోసారి ఏదో ఒక ట్రీట్‌మెంట్ లో అన్ని మళ్ళలోనూ సున్నా పురుగులే ఉంటాయి, వేరియన్స్ సున్నా. దానికి ఏ రూటు వేసినా వేరియన్స్ సున్నానే. ఆ ట్రీట్‌మెంట్ ని అనోవాలోంచి తీసి విడిగా రాయండి, లేకపోతే అది ఎర్రర్ ని దొంగతనంగా తగ్గించేసి మిగతావాటిని సిగ్నిఫికెంట్ చేసి పెడుతుంది.

టేబుల్ రాసేటప్పుడు

ట్రాన్స్‌ఫామ్ చేసిన మీన్ ని వెనక్కి స్క్వేర్ చేస్తే అసలు మీన్ రాదు, ఏ కి 14.5 బదులు 14.1, సి కి 2.08 బదులు 1.55 వస్తుంది. అందుకే టేబుల్ లో రెండూ పెట్టి "బ్రాకెట్లలో ఉన్నవి స్క్వేర్ రూట్ విలువలు" అని కింద రాస్తారు. అది బానే ఉంది, కానీ సీడీ (క్రిటికల్ డిఫరెన్స్, రెండు మీన్స్ మధ్య కనీసం ఇంత ఉంటేనే సిగ్నిఫికెంట్ అనే తేడా) ఒకటే ఉంటుంది, అది బ్రాకెట్ లోపలి వాటిది. చాలా టేబుల్స్ లో ఆ సీడీని తీసుకెళ్ళి బ్రాకెట్ బయటి మీన్స్ మధ్య తేడాతో పోల్చి అక్షరాలు (తేడా లేనివాటికి ఒకే అక్షరం) ఇచ్చేస్తారు, వైవాలో ఎక్స్‌టర్నల్ కి మొదట కనబడేది అదే. సీడీని స్క్వేర్ చేసి వెనక్కి తేవడం కూడా కుదరదు. అక్షరాలు బ్రాకెట్ లోపలి మీన్స్ ని బట్టి ఇచ్చి, మెథడ్స్ లో ఏ ట్రాన్స్‌ఫర్మేషన్, ఎందుకు, ఏ పోస్ట్ హాక్ టెస్టు (జతలు పోల్చేది) అని రెండు లైన్లు రాసేయండి.