ఊరి డాక్యుమెంటరీ, 4వ పాఠం: మనిషిని మాట్లాడించడం

పోయిన పాఠంలో ఊరంతా తిరిగి ఎవరితో మాట్లాడాలో అనుకున్నాం. ఈసారి ఎదురుగా కూర్చుని రికార్డు చేద్దాం.

శ్రీకాకుళం జిల్లాలోని ఉద్దానం ప్రాంతమే తీసుకోండి. కవిటి, సోంపేట, వజ్రపుకొత్తూరు వైపు కిడ్నీ జబ్బు మీద కెమెరాలు రావడం కొత్త కాదు. చాలామంది మంచం మీది మనిషిని "ఎలా ఉంది?" అని అడిగి వెళ్లిపోతారు. ఆ ప్రశ్నకి జవాబు చెప్పీ చెప్పీ ఆయన విసిగిపోయి ఉంటాడు.

మీరు పని గురించి అడగండి. "జీడితోటకి ఎన్నింటికి వెళ్లేవారు మావయ్యా? ఇప్పుడెవరు చూస్తున్నారు?" డయాలసిస్ అంటే ఒక్కోసారి దాదాపు నాలుగు గంటలు, అదీ వారానికి రెండు మూడు సార్లు. ఆ రోజు కూలి మానుకుని తోడెళ్లేదెవరు, పలాస దాకా ఆటోకి ఎంతవుతుంది, ఇంట్లో పొయ్యి వెలిగించేదెవరు? జబ్బు ఆ ఇంటిని ఏం చేసిందో ఇక్కడే తెలుస్తుంది.

"ఏటి సెప్పమంటావు బాబూ" అని ఆయన ఆగితే వెంటనే ఇంకో ప్రశ్న వేయకండి. కాసేపు ఊరుకోండి. అసలు మాట చాలాసార్లు ఆ తర్వాతే వస్తుంది. ఆ యాస మీద డబ్బింగ్ వేయొద్దు, కావాలంటే సబ్‌టైటిల్స్ పెట్టండి.

కాలర్ మైకు గడ్డానికి జానెడు కింద ఉండాలి. కొబ్బరితోటలో గాలి హోరు పడుతుంది, మైకుకి స్పాంజి తొడగండి. ట్యూబ్‌లైటు కింద తీస్తే కెమెరా షట్టర్ వేగం 1/50 సెకను పెట్టండి, లేకపోతే వెలుగు మినుకుమంటుంది. లేచే ముందు అందరూ మౌనంగా ఉండి గది శబ్దం ఒక నిమిషం రికార్డు చేయండి. ఎడిటింగ్‌లో అతుకులు కనపడకుండా చేసేది అదే.

ఇక నాకు అన్నిటికన్నా ముఖ్యమైన సంగతి. నీళ్లు, నేల, ఎండ, పురుగుమందులు... ఎన్ని పరిశోధనలు జరిగినా ఉద్దానం జబ్బుకి కారణం ఇదేనని ఇంకా ఖాయంగా తేలలేదు. "నీళ్ల వల్లే" అని ఆయన అంటే అది ఆయన నమ్మకంగానే ఉంచండి. మీ వాయిస్ ఓవర్‌లో, అంటే బొమ్మ వెనక వినిపించే మీ మాటల్లో, దాన్ని నిజమని చెప్పకండి.

అనుమతి మొదట ఒకసారి అడిగితే సరిపోదు. రికార్డు చేసింది ఆయనకి చూపించి మళ్లీ అడగండి. "ఈ ముక్క వద్దు" అంటే ఎదురుగానే తీసేయండి, ఎంత మంచి షాటైనా సరే.

వచ్చే పాఠానికి మీ వీధిలో ఒకరిని పది నిమిషాలు మాట్లాడించండి, వాళ్ల పని గురించి మాత్రమే. దాన్ని మాట పొల్లుపోకుండా కాగితం మీద రాసుకుని ఉంచండి. ఎడిటింగ్ ఆ కాగితం మీదే మొదలుపెడదాం.