నోటిఫికేషన్ చదవడం నేర్చుకుందాం – మూడో పాఠం: విద్యార్హత గడి

పోయిన పాఠంలో వయసు లెక్క చూశాం. ఈసారి ఉద్యోగ నోటిఫికేషన్‌లోని విద్యార్హత. చిక్కడపల్లి సిటీ సెంట్రల్ లైబ్రరీలో పొద్దున్నుంచి రాత్రి దాకా కూర్చునే పిల్లలు రాజ్యాంగం అధికరణలు వరసగా అప్పజెప్తారు. ఈ గడి దగ్గరికి వచ్చేసరికి మాత్రం "డిగ్రీ ఉంది కదా" అనుకుని దాటేస్తారు. అప్లికేషన్ వెళ్లింది, హాల్‌టికెట్ వచ్చింది అంటే అర్హత ఉన్నట్టు కాదు. అసలు పరిశీలన సర్టిఫికెట్ వెరిఫికేషన్‌లో జరుగుతుంది. అప్పటికి మీ చదువు, కోచింగ్ ఫీజు, హాస్టల్ అద్దె అన్నీ ఖర్చయిపోయి ఉంటాయి. అందుకే ఈ గడిని సిలబస్ కంటే ముందు చదవమంటున్నాను.

టీజీపీఎస్సీ (తెలంగాణ పబ్లిక్ సర్వీస్ కమిషన్) పాత నోటిఫికేషన్ పీడీఎఫ్ ఒకటి తెరవండి. పోస్టు కోడ్ ఎదురుగా ఉన్న అర్హత వాక్యంలో నాలుగు సంగతులు పెన్సిల్‌తో గుర్తు పెట్టండి: ఏ స్థాయి చదువు, ఏ సబ్జెక్టు, ఎవరిచ్చిన పట్టా, ఏ తేదీ నాటికి.

స్థాయి విషయంలో పోస్టు పేరు చూసి ఊహించొద్దు. పోలీసు కానిస్టేబుల్‌కు ఇంటర్ చాలు కాబట్టి గ్రూప్–4కూ అంతే అనుకునేవాళ్లున్నారు. 2022 గ్రూప్–4 నోటిఫికేషన్ అడిగింది డిగ్రీ. సబ్జెక్టు కూడా పోస్టును బట్టి మారుతుంది. గ్రూప్–2లో చాలా పోస్టులకు ఏ డిగ్రీ అయినా సరిపోతుంది, న్యాయశాఖ అసిస్టెంట్ సెక్షన్ ఆఫీసర్ పోస్టుకు మాత్రం లా డిగ్రీ ఉండాలి. కాబట్టి పోస్టు కోడ్ వారీగానే చదవాలి.

ఎక్కువమంది దెబ్బతినేది తేదీ దగ్గర. టీజీపీఎస్సీ నోటిఫికేషన్లలో సాధారణంగా "నోటిఫికేషన్ తేదీ నాటికి" అని ఉంటుంది. అప్లికేషన్‌కు చివరి తేదీ వేరు, ఇది వేరు. భూపిందర్‌పాల్ సింగ్ కేసులో 2000లో సుప్రీంకోర్టు వరస చెప్పింది: సర్వీస్ రూల్స్‌లో తేదీ ఉంటే అదే, లేకపోతే ప్రకటనలో ఇచ్చిన తేదీ, అదీ లేకపోతే దరఖాస్తుకు చివరి తేదీ. పరీక్ష ముందే రాశాం, ఫలితం తర్వాత వచ్చింది అంటే? అశోక్ కుమార్ శర్మ కేసులో 1997లోనే కోర్టు కుదరదంది. ఫైనల్ సెమిస్టర్ వాళ్లకు అవకాశం ఇస్తే ఆ మాట నోటిఫికేషన్‌లోనే రాస్తారు. రాయకపోతే లేనట్టే.

ఇప్పుడు మీ ప్రొవిజనల్ సర్టిఫికెట్ బయటికి తీయండి. అందులో పాసైన నెల, సంవత్సరం ఒకచోట, సర్టిఫికెట్ ఇచ్చిన తేదీ కింద ఇంకోచోట కనిపిస్తాయి. మీకు కావాల్సింది ఈ రెండూ కాకపోవచ్చు. ఫలితం ఏ రోజు వెలువడిందో చూడండి. సప్లీ రాసి గట్టెక్కినవాళ్లు చివరి సబ్జెక్టు ఫలితం తేదీ చూసుకోవాలి. ఆ రుజువు ఇప్పుడే సంపాదించి ఫైల్లో పెట్టుకోండి. వెరిఫికేషన్ వారంలో ఉస్మానియా ఎగ్జామినేషన్ బ్రాంచి చుట్టూ తిరిగే టెన్షన్ ఎందుకు?

"ఎక్కువ చదివితే తక్కువది ఉన్నట్టే కదా" అని చాలామంది అడుగుతారు. అన్నిసార్లూ కాదు. ఐటీఐ అడిగిన పోస్టుకు డిప్లొమా పనికిరాదని 2018లో జహూర్ అహ్మద్ రాథర్ కేసులో తేలింది. డిగ్రీ ఉండకూడదన్న ప్యూన్ పోస్టుకు డిగ్రీ దాచి దరఖాస్తు చేసిన అభ్యర్థిని పంజాబ్ నేషనల్ బ్యాంకు పక్కన పెట్టడం సబబేనని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. మన దగ్గర ఎక్కువ ఇళ్లను తాకింది 2023 ఆగస్టు 11న దేవేష్ శర్మ కేసులో వచ్చిన తీర్పు. ప్రాథమిక తరగతుల టీచర్ (ఎస్జీటీ) పోస్టుకు బీఈడీ చెల్లదు, ప్రాథమిక టీచర్ల డిప్లొమా అయిన డీఈడీ కావాలి. రెండేళ్లు కష్టపడి బీఈడీ చేసి ఎస్జీటీ మీద ఆశ పెట్టుకున్నవాళ్ల బాధ చిన్నది కాదు. అయినా పై తరగతులకు చెప్పే స్కూల్ అసిస్టెంట్ దారి వాళ్లకు తెరిచే ఉంది.

పట్టా ఎవరిచ్చారన్నది త్వరగా తేలుతుంది. కేంద్ర, రాష్ట్ర చట్టాలతో ఏర్పడిన విశ్వవిద్యాలయాలు, డీమ్డ్ వర్సిటీలు, పార్లమెంటు ప్రత్యేకంగా అధికారమిచ్చిన సంస్థలు మాత్రమే డిగ్రీ ఇవ్వగలవు. జూబ్లీహిల్స్ అంబేద్కర్ ఓపెన్ యూనివర్సిటీలాంటి చోట దూరవిద్యలో చదివినా ఇబ్బంది లేదు, ఆ కోర్సుకు ఆ ఏడాది యూజీసీ గుర్తింపు ఉంటే చాలు. ఫలానా ఊళ్లో "స్టడీ సెంటర్" పెట్టి నెలలో డిగ్రీ ఇప్పిస్తామనే వాళ్ల జోలికి వెళ్లొద్దు.

ఈ వారం పని. నోటిఫికేషన్ తేదీ జులై 5 అనుకోండి, ఆ తేదీ నాటికే అర్హత ఉండాలి. ఒకరి ఫలితం జులై 2న వచ్చింది, ప్రొవిజనల్ ఆగస్టులో చేతికొచ్చింది. ఇంకొకరు జూన్‌లో సప్లీ రాశారు, ఫలితం జులై 9న వచ్చింది. మూడో అభ్యర్థికి బీఈడీ, పీజీ ఉన్నాయి, ఎస్జీటీకి అప్లై చేశారు. ఎవరు అర్హులో, ఎందుకో రెండు వాక్యాల్లో రాయండి. జవాబులు వచ్చే పాఠంలో సరిచూద్దాం. ఆ పాఠం స్థానికత గురించి, ఒకటి నుంచి ఏడో తరగతి దాకా స్టడీ సర్టిఫికెట్లు దగ్గర పెట్టుకోండి.