చక్కెర, మైదా లేని చాక్లెట్ పై: షుగర్ ఉన్నవాళ్ల కోసం

చక్కెర మానేసినంత మాత్రాన చాక్లెట్ ‘పై’ (అడుగున గట్టి పొర, లోపల చాక్లెట్ ముద్ద ఉండే మిఠాయి) షుగర్ ఉన్నవాళ్లు తినదగ్గది అయిపోదు. 8 అంగుళాల మామూలు పై అడుగు పొరకు దాదాపు 150 గ్రాముల మైదా పడుతుంది. అందులో పిండిపదార్థాలే 110 గ్రాములకు పైగా ఉంటాయి. పది ముక్కలు కోస్తే ముక్కకు 11 గ్రాములు, అదీ చక్కెర ఒక్క పలుకు వేయకముందే. అందుకే ముందు మార్చాల్సింది అడుగు పొరను. మైదా బదులు పల్లీలు, నువ్వులు వేస్తే పీచు తీసేసి లెక్కిస్తే ఆ 11 గ్రాములు రెండు గ్రాముల లోపుకు దిగుతాయి.

అట్ట మీద ‘షుగర్ ఫ్రీ’ అని ఉంటే చాలనుకోవద్దు. దేశంలో ఆహార భద్రత చూసే ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ నిబంధన ప్రకారం 100 గ్రాములకు చక్కెరలు అర గ్రాము మించకపోతే ఆ మాట రాసుకోవచ్చు. మాల్టిటాల్, మాల్టోడెక్స్‌ట్రిన్ ఈ చక్కెరల లెక్కలోకి రావు. షుగర్ ఫ్రీ చాక్లెట్లలో ఎక్కువగా వాడేది మాల్టిటాల్. అది రక్తంలో షుగర్‌ను చక్కెర అంత కాకపోయినా పెంచుతుంది, ఎక్కువ తింటే విరేచనాలు పట్టుకుంటాయి. డబ్బాల్లో వచ్చే కొన్ని తీపి పొడుల్లో బరువు కోసం కలిపే మాల్టోడెక్స్‌ట్రిన్ అయితే చక్కెరంత వేగంగా షుగర్‌ను ఎక్కిస్తుంది. ప్యాకెట్ వెనక్కి తిప్పి మొత్తం కార్బోహైడ్రేట్లు ఎన్నో, పదార్థాల జాబితాలో ఏముందో చూసి కొనండి. బెల్లం, తేనె, ఖర్జూరం ‘సహజమైనవి’ అని వేసేవాళ్లు చాలామంది ఉన్నారు. ఈ పైలో వాటికి చోటు లేదు.

కావలసినవి (8 అంగుళాల టిన్నుకు, పది ముక్కలు)

అడుగు పొరకు: పల్లీలు 130 గ్రాములు, తెల్ల నువ్వులు 50 గ్రాములు, కరిగించిన నెయ్యి 30 గ్రాములు, ఇసబ్‌గోల్ పొట్టు 5 గ్రాములు, ఎరిథ్రిటాల్ (రక్తంలో షుగర్‌ను పెంచని తీపి పదార్థం) పొడి 15 గ్రాములు, చిటికెడు ఉప్పు, ఒకటిన్నర పెద్ద చెంచాల నీళ్లు.

లోపలికి: మెత్తటి పనీర్ 250 గ్రాములు, ఫ్రెష్ క్రీమ్ 200 మిల్లీలీటర్లు, తీపి లేని కోకో పొడి 40 గ్రాములు, 85 శాతం డార్క్ చాక్లెట్ 50 గ్రాములు, ఎరిథ్రిటాల్ 70 గ్రాములు, సుక్రలోజ్ తీపి గోలీలు 10, అగర్ అగర్ (చైనా గ్రాస్) పొడి 2 గ్రాములు (గీసిన చిన్న చెంచా), నీళ్లు 100 మిల్లీలీటర్లు, ఇన్‌స్టంట్ కాఫీ పొడి అర చెంచా, వనిల్లా ఎసెన్స్ ఒక చెంచా, ఉప్పు పావు చెంచా.

డ్రింకింగ్ చాక్లెట్ డబ్బా తెచ్చి కోకో అనుకోవద్దు, అందులో ఎక్కువ భాగం చక్కెరే. పదార్థాల జాబితాలో కోకో తప్ప మరేమీ లేనిదే కావాలి. కోకో నల్లబడేందుకు క్షారం కలిపి ఉంటే ఇబ్బంది లేదు.

తీపి రెండు రకాలుగా ఎందుకంటే, ఎరిథ్రిటాల్ తీపి చక్కెరలో 70 శాతం లోపే. తీపంతా దానితోనే తెద్దామంటే 140 గ్రాములు పడుతుంది. ఫ్రిజ్‌లో చల్లబడేసరికి అది మళ్లీ పలుకులు కట్టి పంటి కింద ఇసుక తగులుతుంది, నోట్లో పుదీనా తిన్న చల్లదనం మిగులుతుంది. సుక్రలోజ్ ఒక్కటే వేస్తే లోపలి ముద్దకు ఒళ్లు ఉండదు, తీపి నాలుక మీద ఆలస్యంగా వచ్చి పోకుండా నిలుస్తుంది. సగం సగం వేస్తే ఈ రెండు లోపాలూ దాగుతాయి. మెడికల్ షాపులో దొరికే గోలీ ఒక్కోటి చిన్న చెంచాడు చక్కెర తీపికి సమానం, కాబట్టి కొలత తప్పదు. అస్పర్టేమ్ గోలీలు మాత్రం వద్దు, వేడికి తీపి పోతుంది. స్టీవియా పనిచేస్తుంది కానీ కోకో చేదుకు దాని చేదు తోడవుతుంది.

అడుగు పొర

పల్లీలను చిన్న మంట మీద పది పన్నెండు నిమిషాలు వేయించండి. పొట్టు రాలి, గింజ లేత గోధుమ రంగు రాగానే దించాలి. తర్వాత మళ్లీ కాల్చేది ఉంది, ఇప్పుడే ఎర్రగా వేగితే చివరికి చేదెక్కుతాయి. నువ్వులు చిటపటమనగానే తీసేయండి. రెండూ పూర్తిగా చల్లారాలి. సద్దుల బతుకమ్మకు పల్లి సత్తు, నువ్వుల సత్తు చేసే ఇళ్లల్లో ఇది తెలిసిన సంగతే: వేడి మీద మిక్సీ పట్టినా, ఆపకుండా తిప్పినా నూనె వదిలి ముద్దవుతుంది. ఒక్కో క్షణం తిప్పి ఆపుతూ ఏడెనిమిది సార్లు వేయండి. ఇడ్లీ రవ్వ సైజు బరక చాలు. పొరపాటున ముద్దయిందా, పారేయకండి. నెయ్యి సగానికి తగ్గించి, ఇంకో చెంచా ఇసబ్‌గోల్ కలిపితే పనికొస్తుంది.

పొడిలో ఇసబ్‌గోల్, ఉప్పు, ఎరిథ్రిటాల్ కలిపి, నెయ్యి పోసి వేళ్లతో పట్టించండి. నీళ్లు చల్లి ఐదు నిమిషాలు ఆగితే ఇసబ్‌గోల్ ఉబ్బి పట్టు వస్తుంది. మైదాలోని జిగురు చేసే పని ఇక్కడ దీనిది. గుడ్డు తినేవాళ్లు ఇసబ్‌గోల్, నీళ్లు మానేసి ఒక తెల్లసొన కలపొచ్చు, పొర ఇంకా గట్టిగా వస్తుంది. పిడికిట పట్టి వదిలితే ముద్ద విడిపోకూడదు.

అడుగు ఊడే టిన్నుకు నెయ్యి రాసి, కింద బటర్ పేపర్ వేయండి. గంజుకు సర్వపిండి ఒత్తినట్టే తడి వేళ్లతో మధ్య నుంచి అంచులకు ఒత్తుకుంటూ పోవాలి. మందం అర సెంటీమీటరు, అంచు ఎత్తు రెండున్నర సెంటీమీటర్లు. అడుగు, గోడ కలిసే మూల దగ్గర పిండి పేరుకుపోతుంది. గ్లాసు అడుగుతో అక్కడ నొక్కి సమం చేయకపోతే ఆ భాగం కాలదు, కోసేటప్పుడు అక్కడే విరుగుతుంది.

ముందే వేడి చేసిన ఒవెన్‌లో 160 డిగ్రీల దగ్గర 12 నుంచి 15 నిమిషాలు. ఒవెన్ లేకపోతే వెడల్పాటి మందం గంజులో రెండు గిన్నెల ఉప్పు పరిచి, స్టాండు పెట్టి, మూతతో పది నిమిషాలు వేడెక్కించి, టిన్నును ఆ స్టాండు మీద పెట్టి చిన్న మంట మీద 20 నిమిషాలు ఉంచండి. వేడిగా ఉన్నప్పుడు పొర మెత్తగానే ఉంటుంది, కాలలేదని ఇంకాసేపు పెట్టకండి. చల్లారితేనే గట్టిపడుతుంది.

పనీర్

ఇంట్లో విరగ్గొట్టిన పనీర్‌తోనే ఇది నునుపుగా వస్తుంది. 6 శాతం వెన్న ఉన్న ఫుల్ క్రీమ్ పాలు లీటరుంపావు కాచి, మంట ఆపి రెండు నిమిషాలు ఆగండి. రెండు పెద్ద చెంచాల నిమ్మరసంలో అన్ని నీళ్లు కలిపి కొంచెం కొంచెంగా పోస్తూ, నీళ్లు పచ్చగా తేరగానే ఆపేయాలి. మిగిలిన నిమ్మరసం కూడా పోసేస్తే పనీర్ రబ్బరవుతుంది. బట్టలో వడకట్టి, చల్లటి నీళ్లతో కడిగి పులుపు పోగొట్టి, 20 నిమిషాలు వేలాడదీయండి. బరువు పెట్టొద్దు. కొన్న పనీర్ అయితే ముక్కలు చేసి వేడి నీళ్లలో పది నిమిషాలు నానబెట్టి వాడాలి.

లోపలి ముద్ద

ఎరిథ్రిటాల్‌ను మిక్సీలో మెత్తటి పొడి చేసుకోండి. మందం గిన్నెలో క్రీమ్, కోకో, కాఫీ, ఉప్పు, ఈ పొడి వేసి చిన్న మంట మీద విస్కుతో గడ్డలు లేకుండా కలపండి. ఆవిరి రావాలి, ఉడుకు రాకూడదు. 25 శాతం కొవ్వు ఉండే మన ఫ్రెష్ క్రీమ్ తెర్లితే నూనె తేలుతుంది. తేలితే రెండు చెంచాల గోరువెచ్చటి పాలు పోసి మిక్సీ వేస్తే మళ్లీ కలుస్తుంది. దించాక తరిగిన చాక్లెట్, చెంచాడు వేడి నీళ్లలో కరిగించిన గోలీలు, వనిల్లా కలపాలి. కాఫీ రుచి తెలియదు, చాక్లెట్ రుచిని లేపుతుంది. ఉప్పు చేదును అణుస్తుంది. ఈ రెండూ మానొద్దు.

పనీర్‌లో ఈ మిశ్రమం సగం పోసి మిక్సీలో మూడు నిమిషాలు తిప్పండి. రెండు వేళ్ల మధ్య రాసి చూస్తే గరుకు తగలకూడదు. ఇంకా తగిలితే ఇంకో నిమిషం. తర్వాత మిగతా సగం కలిపి, మళ్లీ గిన్నెలోకి తీసి, వేలు పెడితే చురుక్కుమనేంత వేడి చేసి ఉంచుకోండి.

అగర్ అగర్ పొడిని 100 మిల్లీలీటర్ల నీళ్లలో ఐదు నిమిషాలు నానబెట్టి, కలుపుతూ రెండు నిమిషాలు బాగా మరిగించండి. పోచలుగా దొరికే చైనా గ్రాస్ అయితే 5 గ్రాములు ముక్కలు చేసి, అరగంట నానబెట్టి, పూర్తిగా కరిగేదాకా మరిగించి వడకట్టాలి. ముద్ద గట్టిపడేందుకు జెలటిన్ కాకుండా అగర్ వేయడానికి కారణం మన ఎండలు. జెలటిన్ 35 డిగ్రీల లోపే కరిగిపోతుంది, మే నెలలో వరంగల్‌లో ఫ్రిజ్ బయట పెట్టిన కాసేపటికి ముక్క జారిపోతుంది. అగర్ ఒకసారి గట్టిపడితే 85 డిగ్రీల దాకా కదలదు.

ఈ గుణమే ఒక చిక్కు కూడా తెస్తుంది. అగర్ 40 డిగ్రీల దగ్గరే గట్టిపడుతుంది. చల్లటి పనీర్ ముద్దలో పోస్తే తగిలిన చోటల్లా పోగులు కడుతుంది. అందుకే ముద్ద వేడిగా ఉండాలన్నది. మరుగుతున్న అగర్‌ను సన్నటి ధారగా పోస్తూ ఆపకుండా కలిపి, వెంటనే పూర్తిగా చల్లారిన అడుగు పొర మీద పోసేయండి. పోగులు కడితే ఆ గిన్నెను మరుగుతున్న నీళ్ల మీద పెట్టి, కలుపుతూ అవి కరిగేదాకా వేడి చేసి, మిక్సీలో ఒకసారి తిప్పితే సరిపోతుంది. టిన్నును రెండుసార్లు నేలకు తట్టి గాలి బుడగలు పోగొట్టండి. అరగంట బయట, నాలుగు గంటలు ఫ్రిజ్‌లో.

మరునాడు అంచు దగ్గర నీళ్లూరి, పొరకు ముద్దకు మధ్య సందు కనిపిస్తే అగర్ ఎక్కువైందని లెక్క. ఇంకోసారి ఒకటిన్నర గ్రాములే వేయండి. వేడి నీళ్లలో ముంచి తుడిచిన కత్తితో కోస్తే ముక్క శుభ్రంగా వస్తుంది. పనీర్ ఉంది కాబట్టి ఫ్రిజ్‌లో మూడు రోజులే, ఎండాకాలం బయట అరగంటకు మించొద్దు.

ఎంత తినొచ్చు

పీచు, ఎరిథ్రిటాల్ తీసేస్తే ముక్కకు పిండిపదార్థాలు 5, 6 గ్రాములు. 150 గ్రాముల అన్నంలో 40 గ్రాముల పైన ఉంటాయి, దాంతో పోలిస్తే ఇది చాలా తక్కువ. క్యాలరీలు మాత్రం ముక్కకు 300 దాకా, కొవ్వు 25 గ్రాములు. పల్లీలు, పనీర్, క్రీమ్ వేశాక అది తప్పదు. అందుకని ఒక్క ముక్కే, అదీ భోజనంలో అన్నం తగ్గించుకుని తినాలి. కొవ్వు జీర్ణాన్ని నెమ్మది చేస్తుంది కాబట్టి, మొదటిసారి తిన్నప్పుడు రెండు గంటలకు ఒకసారి, నాలుగు గంటలకు మరోసారి గ్లూకోమీటర్‌తో చూసుకుంటే మీ ఒంటికి ఎంత పడుతుందో తేలుతుంది.

రక్తంలో ఎరిథ్రిటాల్ ఎక్కువ ఉన్నవాళ్లలో గుండెపోటు, పక్షవాతం ముప్పు ఎక్కువగా కనిపించిందని 2023లో నేచర్ మెడిసిన్ పత్రికలో ఒక అధ్యయనం వచ్చింది. కారణం అదేనని అది తేల్చలేదు, మన శరీరం కూడా కొంత ఎరిథ్రిటాల్‌ను తయారుచేస్తుంది. అయినా గుండెజబ్బు ఉన్నవాళ్లు దాన్ని పూర్తిగా మానేసి, సుక్రలోజ్ గోలీలు 20 వేసుకోవడం మంచిది. ముద్ద కొంచెం తగ్గుతుంది, అంతే. కిడ్నీ జబ్బు ఉన్నవాళ్లకు కోకో, పల్లీలు, పనీర్ మూడింటితోనూ పొటాషియం, భాస్వరం చేరతాయి, డాక్టర్‌ను అడగకుండా తినొద్దు.

ఇన్సులిన్ వేసుకునేవాళ్లు మిఠాయి తింటున్నామని అదనపు యూనిట్లు వేసుకుంటే షుగర్ పడిపోతుంది. 70 కంటే తగ్గి చెమటలు, వణుకు వస్తే చేతికందిన ఈ పై ముక్క తినిపించొద్దు, ఇందులో షుగర్‌ను వెంటనే లేపేంత సరుకు లేదు. మూడు చిన్న చెంచాల చక్కెర నీళ్లలో కలిపి తాగించి, 15 నిమిషాలకు మళ్లీ పరీక్షించండి. స్పృహ తప్పితే నోట్లో ఏమీ పోయకుండా 108కి ఫోన్ చేయండి.