ఈ చిన్న చీమల మీద స్ప్రే కొట్టకండి

లేత పసుపు రంగులో, 2 మిల్లీమీటర్లకు మించని ఫారో చీమలు ఇంట్లో బారులు తీరితే స్ప్రే జోలికి పోకండి. వీటి గూట్లో రాణులు చాలా ఉంటాయి. మందు తగిలితే కొన్ని శ్రామిక చీమలు గుడ్లనీ పిల్లపురుగులనీ నోట కరచుకుని ఇంకోచోట కాపురం పెట్టేస్తాయి. ఒక్క గూడు కాస్తా నాలుగవుతుంది, అదీ టెన్షన్!

బదులుగా 100 మిల్లీలీటర్ల నీళ్లలో 10 గ్రాముల చక్కెర, 1 గ్రాము బోరిక్ యాసిడ్ కలిపి, అందులో దూది ముంచి బారు పక్కన పెట్టండి. డోసు పెంచొద్దు. చీమ దారిలోనే చస్తే లాభం లేదు. గూటికెళ్లి నోటితో మిగతావాటికి పంచాలి, రాణుల దాకా చేరాలి. వారాలు పడుతుంది. పిల్లలకూ పెంపుడు జంతువులకూ అందనివ్వకండి.