లోకాన్ని సృష్టించే ముందు: కలామిటీ మాడ్‌తో టెర్రేరియా ఆడబోయేవారికి జాగ్రత్తలు

సెలవులు మొదలైన రోజే మా మేనల్లుడి నుంచి ఫోను. “మామయ్యా, టెర్రేరియాకి కలామిటీ మాడ్ వేసుకున్నాను. మాస్టర్ పెట్టనా, డెత్ పెట్టనా?” అని అడిగాడు. రెండూ బాగా కఠినమైన స్థాయిలు. అప్పటిదాకా వాడు ఆడింది మాడ్‌లు లేని ఆట, అదీ క్లాసిక్‌లో, అదీ చివర్లో వచ్చే పెద్ద శత్రువు మూన్ లార్డ్ ముఖం చూడకుండానే. ఆ సంగతి గుర్తుచేస్తే నొచ్చుకుంటాడని, “ఏదీ పెట్టకు, సాయంత్రం వస్తాను” అన్నాను. ఆ సాయంత్రం వాడి పక్కన కూర్చుని చెప్పినవే ఇవి. (టెర్రేరియా అంటే నేల తవ్వుతూ, ఇళ్లు కట్టుకుంటూ, శత్రువులతో పోరాడే వీడియో గేమ్. మాడ్ అంటే ఆటగాళ్లు తయారుచేసి జోడించే అదనపు భాగం, మోడ్ అంటే ఆట సాగే తీరు. రెండు మాటలూ పక్కపక్కనే వస్తుంటాయి, అచ్చుతప్పు అనుకోకండి.)

కష్టస్థాయి అంటే ఒకే మీట అనుకోవడం దగ్గరే చాలామంది దెబ్బతింటారు. మాడ్‌లు వేసిన టెర్రేరియాలో అది మూడు చోట్ల ఉంటుంది. పాత్రను తయారుచేసేటప్పుడు ఒకటి ఎంచుకుంటాం, లోకాన్ని సృష్టించేటప్పుడు ఒకటి, ఆ లోకంలోకి అడుగుపెట్టాక మాడ్ ఇచ్చేది మరొకటి. మొదటి రెండూ ఒకసారి నొక్కితే అంతే, జర్నీ అనే రకంలో తప్ప ఆట లోపలి నుంచి మార్చుకునే దారి లేదు. మూడోది బాస్ (ఆటలో అక్కడక్కడా ఎదురయ్యే పెద్ద శత్రువు) ఎదురుగా లేనప్పుడు తగ్గించుకోవచ్చు, మళ్లీ పెంచుకోవచ్చు. అందుకే మొదటి రెండు చోట్లా పిరికిగా ఉండండి, మూడో చోట ఎంత తెగింపు అయినా చూపించండి. మామూలుగా జరిగేది సరిగ్గా దీనికి తలకిందులు. మాస్టర్ లోకం ఉత్సాహంగా సృష్టించేసి, మాడ్ మీట దగ్గరికి వచ్చేసరికి బెదిరిపోతారు.

ముందు పాత్ర సంగతి. తెర మీద క్లాసిక్, మీడియంకోర్, హార్డ్‌కోర్, జర్నీ అని నాలుగు కనిపిస్తాయి. లోకం తెర మీద క్లాసిక్, ఎక్స్‌పర్ట్, మాస్టర్, జర్నీ ఉంటాయి. అక్కడ కూడా క్లాసిక్ అన్న మాటే ఉంటుంది, కానీ దానికీ దీనికీ సంబంధం లేదు. పాత్ర క్లాసిక్ అయితే చచ్చినప్పుడు నాణేలు మాత్రమే పోతాయి. మీడియంకోర్ అయితే ఒంటిమీది కవచంతో సహా మోస్తున్న సరుకంతా చచ్చినచోటే పడిపోతుంది. హార్డ్‌కోర్ అయితే ఒక్క చావుతో పాత్రే మాయం. కలామిటీలో ఒక బాస్ దగ్గర పది, ఇరవై సార్లు చావడం మామూలు విషయం. అలాంటి చోట హార్డ్‌కోర్ గురించి మాట్లాడుకోవడమే దండగ.

మీడియంకోర్ మాత్రం మోసం చేస్తుంది. “కొంచెం ఉత్కంఠ ఉంటే బాగుంటుంది కదా” అనిపిస్తుంది. నాకూ అలాగే అనిపించి ఒకసారి ఎంచుకున్నాను. అడుగున ఉండే పాతాళంలో, లావా మడుగుల మధ్య చచ్చాను. సరుకంతా ఒక సన్నని గట్టు మీద పడింది. తెచ్చుకుందామని ఒంటిమీద ఏమీ లేకుండా దిగాను, గట్టు కనబడే లోపే మళ్లీ చచ్చాను. రెండోసారి దిగేముందు చెక్క కవచం తయారుచేసుకున్నాను, దానితో ఏం తేడా రాలేదు. మూడోసారి తాడు కట్టుకుంటూ, దిమ్మెలు పరుచుకుంటూ దిగేసరికి గంటన్నర పట్టింది. ఆ గంటన్నరలో బాస్ లేదు, సాహసం లేదు, వట్టి కూలిపని. తప్పు చేసినచోట మళ్లీ పోరాడేలా చేసేదే మంచి కష్టం, సామాన్లు ఏరుకునేలా చేసేది కాదు. పాత్ర దగ్గర క్లాసిక్ తప్ప ఇంకేదీ నేను ఎవరికీ చెప్పను.

క్లాసిక్ పాత్రకైనా నాణేల విషయంలో ఒక జాగ్రత్త ఉంది. క్లాసిక్ లోకంలో చస్తే చేతిలో ఉన్న నాణేల్లో సగం పడిపోతాయి. ఎక్స్‌పర్ట్‌లో మూడొంతులు, అంటే నూటికి 75. మాస్టర్‌లో మొత్తం. పైగా ఎక్స్‌పర్ట్‌లో పడిపోయిన నాణేలను శత్రువులు ఏరుకుని పోతారు. బాస్‌ను పిలిచే ముందు డబ్బంతా పిగ్గీ బ్యాంకులో వేసేయండి.

జర్నీ గురించి రెండు మాటలు చాలు. అందులో కష్టాన్ని ఆట మధ్యలో మీటతో జరుపుకోవచ్చు, వస్తువులను పరిశోధించి ఎన్నైనా పుట్టించుకోవచ్చు. చిన్నపిల్లలతో ఆడేవారికి అంతకన్నా హాయి లేదు. అయితే జర్నీ పాత్ర జర్నీ లోకంలోకే వెళ్లగలదు, మిగతా పాత్రలు జర్నీ లోకంలోకి రాలేవు. స్నేహితులతో కలిసి ఆడే ఆలోచన ఉంటే అందరూ ముందే అనుకుని మొదలుపెట్టాలి.

ఇక లోకం. ఇక్కడ అంకెలు చూడకుండా బటన్ నొక్కవద్దు. మాడ్‌లు లేని ఆటలో మామూలు శత్రువు ఎక్స్‌పర్ట్‌లో రెండింతలు, మాస్టర్‌లో మూడింతలు గట్టిగా కొడతాడు. మన కవచం విలువ కూడా మారుతుంది. దెబ్బలోంచి తీసివేసేది క్లాసిక్‌లో కవచం అంకెలో సగం, ఎక్స్‌పర్ట్‌లో ముప్పావు వంతు, మాస్టర్‌లో మొత్తం. కవచం 40, శత్రువు మూల దెబ్బ 40 అనుకోండి. క్లాసిక్‌లో 40లోంచి 20 పోయి మనకు తగిలేది 20. ఎక్స్‌పర్ట్‌లో 80లోంచి 30 పోతే 50. మాస్టర్‌లో 120లోంచి 40 పోతే 80. మన ప్రాణం 400 అయితే క్లాసిక్‌లో 20 దెబ్బలకు ఓర్చుకుంటాం, ఎక్స్‌పర్ట్‌లో 8, మాస్టర్‌లో 5. ఇందులో కాస్త అటూ ఇటూ హెచ్చుతగ్గులుంటాయి, మాడ్‌లు తమ వంతు మార్పులు చేస్తాయి, బాస్‌ల లెక్క వేరు. అయినా 20 దెబ్బలకూ 8 దెబ్బలకూ ఉన్న దూరం మనసులో పెట్టుకోండి. మా వాడు ఈ లెక్కను పెన్సిలుతో వేసి చూసుకున్నాకే మాస్టర్ మాట మానేశాడు.

అలాగని క్లాసిక్ లోకంలోనే ఉండిపొమ్మనడం లేదు. ఎక్స్‌పర్ట్ దెబ్బలకు తగిన బహుమానం ఇస్తుంది. బాస్‌లు వదిలే నిధిసంచుల్లో అక్కడ మాత్రమే దొరికే వస్తువులుంటాయి. వాల్ ఆఫ్ ఫ్లెష్ అనే బాస్‌ను కూలిస్తే వచ్చే డిమన్ హార్ట్ ఉపకరణాలకు ఇంకో గడిని శాశ్వతంగా తెరుస్తుంది. మాస్టర్‌లో కూడా ఒక గడి అదనంగా వస్తుంది కానీ, దాని సొంత బహుమతులు ఎక్కువగా ఇంట్లో పెట్టుకునే స్మారక చిహ్నాలు, పెంపుడు జంతువులు. అలంకారం కోసం మూడింతల దెబ్బలు తినాలా అన్నది మీ ఇష్టం. మూల ఆటను ఎక్స్‌పర్ట్‌లో ఒకసారి చివరిదాకా ఆడినవారు ఎక్స్‌పర్ట్ తీసుకోండి. మూల ఆటే పూర్తిచేయనివారు క్లాసిక్ తీసుకుంటే నామోషీ ఏమీ లేదు. ఎక్స్‌పర్ట్ తీసుకున్నవారు కడుపు నింపుకోవడం మర్చిపోవద్దు. అక్కడ ఏదైనా తిని ఉంటే తప్ప ప్రాణం దానంతటది కోలుకునే వేగం సగానికి పడిపోతుంది. వండిన చేప ఒకటి ఎప్పుడూ సంచిలో ఉండాలి.

నలుగురు కలిసి ఆడేవారికి ఇంకో చిక్కు. ఎక్స్‌పర్ట్‌లో మనుషులు పెరిగేకొద్దీ బాస్ ప్రాణమూ పెరుగుతుంది. ఇద్దరు నేర్పరులు, ఇద్దరు కొత్తవాళ్లు ఉంటే, కొత్తవాళ్లు చచ్చి ప్రేక్షకులైపోయాక వాళ్ల వంతు ప్రాణాన్ని కూడా మిగిలిన ఇద్దరే కరిగించాలి. జట్టులో అందరికన్నా బలహీనుడు మోయగలిగినంతే ఎంచుకోండి.

లోకం తెర మీదే ఉన్నాం కాబట్టి మార్చుకోలేనివి మరో మూడు. కలామిటీ తన ప్రాంతాలను, గంధకపు సముద్రం, దాని కింద అగాధం లాంటివాటిని, లోకం పుట్టేటప్పుడే అందులో అమరుస్తుంది. మాడ్‌ను ముందు ఆన్ చేసి, ఆ తర్వాతే లోకాన్ని సృష్టించాలి. పాత లోకంలో తర్వాత చేరిస్తే ఆ ప్రాంతాలు ఉండవు. పరిమాణం చిన్నది వద్దు. 4,200 దిమ్మెల వెడల్పున్న చిన్న లోకంలో ఇవన్నీ ఇరుక్కుంటాయి, 6,400 ఉన్న మధ్యరకం సరిపోతుంది. ఇక సీడ్ గడిలో (లోకం ఎలా పుట్టాలో నిర్ణయించే మాట రాసే చోట) సరదాకి ‘ఫర్ ది వర్దీ’ అని టైపు చేయకండి. అది మీరు ఎంచుకున్న కష్టాన్ని చెప్పాపెట్టకుండా ఒక మెట్టు పైకి నెడుతుంది.

ఇప్పుడు మూడో మీట. ఎక్స్‌పర్ట్ లేదా మాస్టర్ లోకంలోకి దిగి సరుకుల సంచి తెరిస్తే కలామిటీ కష్టస్థాయి గుర్తు కనిపిస్తుంది. రివెంజెన్స్, డెత్ ఉండేది అక్కడే. వీటిలో బాస్‌లు వట్టినే గట్టిపడవు, కొత్త ఎత్తులు వేస్తాయి. బదులుగా రివెంజెన్స్ మనకు రేజ్, అడ్రినలిన్ అని రెండు కొలతలు ఇస్తుంది. శత్రువులకు దగ్గరగా ఉంటే రేజ్ నిండుతుంది. బాస్‌తో పోరులో దెబ్బ తగలకుండా తప్పించుకుంటూ ఉంటే అడ్రినలిన్ నిండుతుంది, దెబ్బ తగిలితే ఆ కష్టం వృథా. వాడే ముందు కీల అమరిక చూసుకోండి. మందులన్నీ ఒకేసారి తాగే క్విక్ బఫ్‌కు ఆటలో మొదటి నుంచీ ‘బి’ కీ ఉంది. మాడ్ పనికి కూడా అదే కీ పడితే, అడ్రినలిన్ కోసం నొక్కినప్పుడు సీసాలు ఖాళీ అవుతాయి.

మీకు ఏది తగునో ఊహించుకోవడం కన్నా ఒక రాత్రి పరీక్ష పెట్టుకోవడం మేలు. మొదట ప్రాణం 100 ఉంటుంది, ఒక్కో లైఫ్ క్రిస్టల్‌కు 20 పెరుగుతుంది. ఐదు వెతికి 200 చేసుకోండి. ఆరుబయట చెక్క పలకలతో రెండు వరసల అరుగు వేసి, మధ్యలో చలిమంట పెట్టి, విల్లు చేతబట్టి రివెంజెన్స్‌లో ఐ ఆఫ్ కథుల్హును పిలవండి. మాడ్‌లు లేకుండా దాని ప్రాణం క్లాసిక్‌లో 2,800, ఎక్స్‌పర్ట్‌లో 3,640. చచ్చిన ప్రతిసారీ అప్పటికి బాస్‌కు ఎంత ప్రాణం మిగిలిందో కాగితం మీద రాయండి. మా వాడి కాగితం మీద 2,900, 2,300, 2,450, 1,600, 700 అని పడ్డాయి. అంటే ఓడిపోతూనే నేర్చుకుంటున్నాడు, స్థాయి సరిపోయినట్టే. పది ప్రయత్నాల తర్వాత కూడా అంకె మొదటిచోటే తచ్చాడుతుంటే మీటను ఒక మెట్టు దించండి. మొదటి ప్రయత్నంలోనే గెలిస్తే డెత్‌కు వెళ్లండి, నచ్చకపోతే వెనక్కి రావచ్చు.

మాడ్ మీద మాడ్ పేర్చే అలవాటు ఉన్నవారికి మాత్రం గట్టిగా చెప్పాలి. కలామిటీతో పాటు ఫార్గోస్ సోల్స్ వేసి అందులోని ఎటర్నిటీ మోడ్ కూడా ఆన్ చేస్తే గోరుచుట్టు మీద రోకటిపోటే. ఒకే బాస్ నడతను ఇద్దరు తిరగరాస్తుంటే ఎదురయ్యేది ఆ ఇద్దరిలో ఎవరూ అనుకోని బాస్. ఒకసారి మొదలుపెట్టిన ఆటకు ఒక పెద్ద కష్టస్థాయి మాడ్ చాలు. దానికి తోడుగా వస్తువుల తయారీ విధానాలు చూపే రెసిపీ బ్రౌజర్, బాస్‌ల వరస చూపే బాస్ చెక్‌లిస్ట్ లాంటివి ఎన్నున్నా ఇబ్బంది లేదు. కలామిటీ మీద ఇంకో పొరగా వచ్చే ఇన్‌ఫెర్నమ్‌ను మొదటిసారే వేసుకోవడం ఉట్టికి ఎగరలేనమ్మ స్వర్గానికి ఎగిరినట్టు ఉంటుంది.

కంప్యూటర్ బలం కూడా కష్టస్థాయిలో భాగమే, దీన్ని ఎవరూ లెక్కలోకి తీసుకోరు. వీడియో అమరికల్లో ఫ్రేమ్ స్కిప్ ఆఫ్‌లో ఉంటే, యంత్రం మొరాయించినప్పుడు ఆట నెమ్మదిగా నడుస్తుంది. ఆన్‌లో ఉంటే వేగం తగ్గదు, బొమ్మలు ఎగిరిపోతాయి. రెండో పరిస్థితిలో మీరు చూడని తూటా మిమ్మల్ని చంపుతుంది. పాత ల్యాప్‌టాప్ ఫ్యాను విమానంలా మోగుతుంటే డెత్ మాట తలపెట్టవద్దు.

చివరగా నకలు. పాత్రల, లోకాల ఫైళ్లు డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్, దానిలో టెర్రేరియా, దానిలో టీమాడ్‌లోడర్ (మాడ్‌లను నడిపే ప్రోగ్రాం) అనే ఫోల్డరులో ఉంటాయి. ఒక్కో లోకానికి రెండు ఫైళ్లు. ఒకదాని తోక డబ్ల్యూఎల్‌డీ, రెండోదాని తోక ముందు ‘టీ’ అక్షరం అదనం. పాత్రకూ అంతే, పీఎల్‌ఆర్ ఒకటి, టీపీఎల్‌ఆర్ ఒకటి. మాడ్‌ల తాలూకు సరుకంతా ‘టీ’ ఉన్నదానిలోనే ఉంటుంది. ఒకసారి నేను ‘టీ’ లేనిది మాత్రమే దాచి, అది చాలనుకుని పాతదాన్ని చెరిపేశాను. తిరిగి తెరిస్తే ఇల్లు ఉంది, పెట్టెలు ఉన్నాయి, పెట్టెల్లో కలామిటీ సామాను ఒక్కటీ లేదు. అప్పటినుంచి ఫైళ్లను ఏరడం మానేసి ఫోల్డరు మొత్తం నకలు తీస్తున్నాను.

బాస్ చేతిలో చచ్చినందుకు నకలు వాడనక్కరలేదు. వాల్ ఆఫ్ ఫ్లెష్‌ను చంపే ముందు, మాడ్‌లను కొత్త కూర్పుకు మార్చే ముందు, కొత్త మాడ్ చేర్చే ముందు తీసి పెట్టుకోండి. వాల్ ఆఫ్ ఫ్లెష్ చస్తే లోకం హార్డ్‌మోడ్‌లోకి, అంటే ఆటలోని కఠినమైన రెండో భాగంలోకి వెళ్తుంది, మళ్లీ వెనక్కి రాదు. పొరపాటున ఏదైనా మాడ్ ఆఫ్ అయిపోతే మాత్రం కంగారు పడి ఏదీ పారేయవద్దు. దాని వస్తువులు ‘అన్‌లోడెడ్ ఐటమ్’ అన్న పేరుతో అక్కడే ఉంటాయి, మాడ్ ఆన్ చేస్తే తిరిగి వస్తాయి.

మా వాడు చివరికి క్లాసిక్ పాత్ర, ఎక్స్‌పర్ట్ లోకం, మధ్యరకం పరిమాణం తీసుకున్నాడు. పదో రోజున ఫోల్డరు నకలు తీసి, దానికి ‘డెత్‌కు ముందు’ అని పేరు పెట్టాడట. ఇప్పటికి రెండుసార్లు తెరిచాడు.