ఆటలో వాయిస్ చాట్ పలకట్లేదా? మాట ఎక్కడ తెగిందో ముందు పట్టండి

మ్యాచ్ మొదలై విమానంలోంచి దూకే లోపే మన విశాఖలో గాజువాక వాడు "ఏటి మావా, ఇనబడతందా?" అని అరుస్తుంటాడు, మధురవాడ వాడు "నీ మైకే పోయింది" అంటాడు, ఎంవీపీ కాలనీ వాడు అప్పటికే గేమ్ తీసేసి మళ్లీ ఎక్కించే పనిలో ఉంటాడు. అన్నిటికంటే చివర్లో చేయాల్సిన పని అది. మనవాళ్లు అక్కణ్ణుంచే మొదలుపెట్టి ఇరవై జీబీ డేటా తగలేసుకుంటారు.

మీ మాట నోట్లోంచి మైక్‌లోకి, మైక్ నుంచి విండోస్‌కో ఆండ్రాయిడ్‌కో, అక్కణ్ణుంచి గేమ్‌కి, తర్వాత రూటర్ దాటి ఎక్కడో ముంబైలో ఉన్న సర్వర్‌కి, అక్కణ్ణుంచి అవతలివాడి చెవికి వెళ్లాలి. ఈ దారిలో ఎక్కడ తెగిందో తెలియకుండా సెట్టింగులన్నీ కెలికితే ఉన్న సమస్యకి ఇంకో రెండు తోడవుతాయి. అందుకని ముందు గేమ్ మూసేసి, సౌండ్ రికార్డర్ తెరిచి నాలుగు ముక్కలు మాట్లాడి వినండి. గొంతు రికార్డ్ కాకపోతే తప్పు మైక్‌దో, విండోస్‌దో. రికార్డ్ అయితే డిస్కార్డ్‌లో (ఆడేవాళ్లు మాట్లాడుకునే యాప్) మైక్ టెస్ట్ నొక్కి చూడండి, వాలరెంట్ అనే గేమ్ ఆడేవాళ్లకి ఆడియో సెట్టింగుల్లోనే లూప్‌బ్యాక్ టెస్ట్ ఉంది. అక్కడా మీ గొంతు మీకు తిరిగి వినిపిస్తే ఇక మైక్ జోలికి పోకండి, మిగిలింది గేమ్ సెట్టింగులో, అకౌంటో, నెట్టో.

రికార్డర్‌లోనే గొంతు రావట్లేదు

హెడ్‌సెట్ వైరు మీది మ్యూట్ బటన్ ముందు చూడండి. కొన్ని హెడ్‌సెట్లలో మైక్ కాడని పైకి ఎత్తితే చాలు మ్యూట్ అయిపోతుంది. చాలా ల్యాప్‌టాప్‌లలో పై వరుస కీలలో మైక్ ఆపే కీ ఒకటి ఉంటుంది, దానిమీద చిన్న లైటు వెలిగి ఉంటే మీ వేలు ఎప్పుడో దానికి తగిలిందన్నమాట.

అదంతా బాగానే ఉంటే జాక్ పిన్నుని బయటికి తీసి చూడండి. నల్ల గీతలు మూడు ఉంటే అది మైకూ స్పీకరూ కలిసిన పిన్ను, ఒకే పిన్ను ఉండి గీతలు రెండే ఉంటే అందులో మైక్ లేదు. మూడు గీతల పిన్నుని డెస్క్‌టాప్ వెనకాల ఆకుపచ్చ రంధ్రంలో గుచ్చితే పాట వస్తుంది, మాట పోదు, ఎందుకంటే అక్కడ మైక్‌కి వేరే గులాబీ రంగు రంధ్రం ఉంది. దీనికి స్ప్లిట్టర్ కావాలి. ద్వారకానగర్‌లో ఏ కంప్యూటర్ షాపులో అడిగినా ఇస్తారు, కానీ చూసి తీసుకోండి. ఒక పిన్ను, రెండు రంధ్రాలు ఉన్నది ఇద్దరు కలిసి పాటలు వినడానికి పనికొచ్చేది. మీకు కావాల్సింది ఒక రంధ్రం, రెండు పిన్నులు ఉన్నది. షాపువాడు మొదటిదే చేతిలో పెట్టే అవకాశం ఎక్కువ, తెరిచి చూడకుండా ఇంటికొచ్చేస్తే మళ్లీ ఆటో చార్జీలు.

ల్యాప్‌టాప్‌కి ఒకటే రంధ్రం ఉంటే పిన్ను గుచ్చగానే ఏం పెట్టావని ఒక చిన్న విండో అడగొచ్చు. కంగారులో హెడ్‌ఫోన్ అని నొక్కేస్తారు. హెడ్‌సెట్ అని నొక్కాలి, లేకపోతే అది హెడ్‌సెట్ మైక్‌ని వదిలేసి ల్యాప్‌టాప్ సొంత మైక్‌నే వాడుతుంది.

ఇక మన ఊరి ప్రత్యేకత ఉప్పుగాలి. బీచ్ రోడ్ వైపు, పెదవాల్తేరు, రుషికొండ దాకా కిటికీలు తెరిచి ఉంచే ఇళ్లలో ఏ లోహమైనా తొందరగా పాడవుతుంది, హెడ్‌సెట్ పిన్ను దానికి మినహాయింపు కాదు. పిన్ను మీద మసక పొరగానీ పచ్చటి చిలుముగానీ కనిపిస్తే, లేదా వైరు కదిపినప్పుడల్లా బరబరమని చప్పుడు వస్తే, ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో తడిపిన మెత్తటి గుడ్డతో తుడిచి ఆరనిచ్చి పెట్టండి. రంధ్రంలోకి గుండుసూది పెట్టి గీకొద్దు. ఏటా హెడ్‌సెట్ మార్చేవాళ్లు ఈసారి యూఎస్‌బీది తీసుకుంటే ఆ చిన్న పిన్ను గొడవే ఉండదు.

రికార్డర్‌లో వస్తోంది, గేమ్‌లో రావట్లేదు

మన కేసుల్లో ఎక్కువ ఇవే, పైసా ఖర్చు లేకుండా తేలిపోతాయి.

విండోస్ సెట్టింగుల్లో ప్రైవసీలోకి వెళ్లి మైక్రోఫోన్ తెరవండి. అక్కడ ఒకటి కాదు, చాలా స్విచ్‌లుంటాయి, కింద డెస్క్‌టాప్ యాప్‌లకి మైక్ ఇవ్వాలా అని వేరే ఉంటుంది. పైది ఆన్‌లో ఉండి ఇది ఆఫ్‌లో ఉంటే స్టోర్ యాప్‌లకి మైక్ అందుతుంది, గేములకి అందదు. తర్వాత గేమ్ ఆడియో సెట్టింగుల్లో ఇన్‌పుట్ పరికరం ఏదుందో చూడండి. డిఫాల్ట్ అని ఉంటే నమ్మకండి, మీ హెడ్‌సెట్ పేరే ఎంచుకోండి, ఎందుకంటే వెబ్‌క్యామ్ గుచ్చినా ఇంకేదైనా గుచ్చినా ఆ డిఫాల్ట్ అనేది దానికదే మారిపోతుంటుంది.

నొక్కి మాట్లాడే పద్ధతిలో ఉన్నారేమో కూడా చూసుకోండి. వాలరెంట్‌లో టీమ్‌కి వి, పార్టీకి (మీతో కలిసి చేరిన స్నేహితులకి) యు కీలు మామూలుగా ఉంటాయి, యు నొక్కి మాట్లాడుతూ తెలియనివాళ్లెవరూ పలకట్లేదేంటని చాలామంది అనుకుంటారు. డిస్కార్డ్‌లో ఇంకో చిక్కుంది. గేమ్‌ని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి డిస్కార్డ్‌ని మామూలుగా తెరిస్తే, గేమ్‌లో ఉన్నంతసేపూ మీరు నొక్కే కీ డిస్కార్డ్‌కి తెలియదు. డెస్క్‌టాప్ మీద పనిచేసి గేమ్‌లోకెళ్లగానే ఆగిపోతోందంటే ఇదే. డిస్కార్డ్‌ని కూడా అడ్మినిస్ట్రేటర్‌గా తెరవండి, అయిపోయింది.

మాట మొదలు, చివర తెగిపోతుంటే డిస్కార్డ్‌లో ఇన్‌పుట్ సెన్సిటివిటీ ఆటోమేటిక్‌ని ఆపి, గీతని మీ గొంతు కంటే కిందికి, ఫ్యాన్ చప్పుడు కంటే పైకి జరపండి.

ఇవన్నీ సరిగ్గా ఉన్నా రాకపోతే అకౌంట్ మీద చూపు పెట్టండి. బూతులు తిట్టినందుకు చాలా గేములు కొంతకాలం వాయిస్ ఆపేస్తాయి, చెప్పుకోవడానికి సిగ్గుపడి "మైక్ పాడైంది" అనే తమ్ముళ్లు నాకు తెలుసు. చిన్నపిల్లల అకౌంట్ అయితే ఫోర్ట్‌నైట్ లాంటివాటిలో అమ్మానాన్నలు ఒప్పుకునే దాకా వాయిస్ తెరుచుకోదు. ఎక్స్‌బాక్స్, ప్లేస్టేషన్‌లలో కూడా ఫ్యామిలీ సెట్టింగులు దీన్ని ఆపగలవు.

ఫోన్‌లో ఆడేవాళ్లకి

బీజీఎంఐ (బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా) తెరమీద స్పీకర్ గుర్తు, మైక్ గుర్తు వేరువేరుగా ఉంటాయి, ఒకటి అందరికీ, ఇంకోటి టీమ్‌కి అని ఉంటే మాటలు కలవవు. అది సరిచూశాక ఫోన్ సెట్టింగుల్లో ఆ యాప్‌కి మైక్ అనుమతి ఉందో లేదో చూడండి. అనుమతి ఉన్నా ఏమీ రాకపోతే పైనుంచి తెరని కిందికి లాగండి: 2021లో వచ్చిన ఆండ్రాయిడ్ 12 నుంచి అక్కడ మైక్ యాక్సెస్ అని ఒక బటన్ పెట్టుకోవచ్చు, అది ఆఫ్ అయితే ఫోన్‌లో ఏ యాప్‌కీ మైక్ అందదు. మ్యాచ్ మధ్యలో ఫోన్ వస్తే మైక్ కాల్‌కి వెళ్లిపోతుంది, కాల్ పెట్టేశాక గేమ్‌లో మైక్‌ని ఒకసారి ఆపి మళ్లీ ఆన్ చేయాల్సి రావచ్చు.

మీకే ఎవరి మాటా వినబడట్లేదు

మానిటర్‌కి హెచ్‌డీఎంఐ వైరు పెట్టి ఉంటే విండోస్ సౌండ్‌ని దానికి పంపుతూ ఉండొచ్చు, ఆ మానిటర్‌కి స్పీకర్లే ఉండకపోవచ్చు. వాల్యూమ్ మిక్సర్ తెరిచి ఏ యాప్ శబ్దం ఎటు పోతోందో చూసి మార్చండి. దీనికి తిరగబడ్డ సమస్య ఇంకోటుంది, ఎవరైనా మాట్లాడగానే తుపాకీ మోతలు, అడుగుల చప్పుడు తగ్గిపోతాయి. అది గేమ్ లోపం కాదు. పాత సౌండ్ కంట్రోల్ ప్యానెల్‌లో కమ్యూనికేషన్స్ అనే చోట మిగతా శబ్దాల్ని 80 శాతం తగ్గించు అని ముందే పెట్టి ఉంటుంది, దాన్ని ఏమీ చేయొద్దు అని మార్చండి.

బ్లూటూత్ పెట్టి మైక్ ఆన్ చేయగానే సౌండ్ పాత రేడియోలా అయిపోతోంది

ఇయర్‌బడ్స్ పాడవలేదు. మామూలు బ్లూటూత్ పాటలకి ఒక పద్ధతి, మాట్లాడ్డానికి ఇంకో పద్ధతి వాడుతుంది. మైక్ తెరవగానే రెండోదానికి మారుతుంది, అందులో శబ్దం 8 లేదా 16 కిలోహెర్ట్జ్ శాంప్లింగ్‌కి దిగిపోతుంది, స్టీరియో కూడా పోతుంది, అంటే శత్రువు ఎడమన ఉన్నాడో కుడిన ఉన్నాడో తెలియదు. పరిష్కారం: వినడానికి ఇయర్‌బడ్స్ ఉంచుకుని మైక్ మాత్రం ల్యాప్‌టాప్‌ది ఎంచుకోండి, గేమ్‌లోనూ డిస్కార్డ్‌లోనూ. ఎల్‌ఈ ఆడియో అనే కొత్త బ్లూటూత్ పద్ధతి ఉన్న పరికరాలు రెండువైపులా ఉంటే ఈ ఇబ్బంది తగ్గుతుంది. నన్నడిగితే ఆటకి వైరు హెడ్‌సెట్టే, ఎంత చవకదైనా సరే.

ఎకో, ఫ్యాన్ మోత

మీ గొంతు మీకే తిరిగి వినబడుతోందంటే తప్పు మీది కాదు, అవతల ఒకడి స్పీకర్లో వచ్చిన మీ మాట వాడి మైక్‌లోకే మళ్లీ దూరుతోంది. టీమ్‌లో అందరికీ ఎకో వస్తూ ఒక్కడికి మాత్రం రావట్లేదంటే దొంగ వాడే. ఒక్కొక్కరినీ మ్యూట్ చేసుకుంటూ పోతే అర నిమిషంలో దొరుకుతాడు. వాడు హెడ్‌సెట్ పెట్టుకోవాలి, లేదంటే ఎకో క్యాన్సిలేషన్ ఆన్ చేసుకోవాలి.

మన ఉక్కపోతలో ఫ్యాన్ ఆపమని ఎవరికీ చెప్పలేం. మైక్‌ని నోటికి ఎదురుగా కాకుండా నోటి మూలకి, రెండు వేళ్ల దూరంలో పెట్టి గెయిన్ (మైక్ శబ్దాన్ని ఎంత పెంచాలో చెప్పేది) తగ్గించండి, డిస్కార్డ్‌లో చప్పుళ్లు తీసేసే క్రిస్ప్ ఆన్ చేయండి. కుక్కర్ విజిల్‌ని కూడా అది చాలావరకు మింగేస్తుంది. అమ్మ పిలుపు కూడా మాటే కాబట్టి అది మాత్రం వినబడి తీరుతుంది.

టీమ్‌లో అందరికీ బాగానే ఉంది, ఒక్కడితోనే కుదరట్లేదు

ముందు ఎప్పుడో కోపంలో వాణ్ణి మ్యూట్ చేశారేమో చూడండి, నవ్వొస్తుంది గానీ చాలాసార్లు అదే. కన్సోల్ వాళ్లయితే నెట్‌వర్క్ టెస్ట్‌లో న్యాట్ రకం (బయటివాళ్లని మీ రూటర్ ఎంతవరకు లోపలికి రానిస్తుందో చెప్పేది) చూడాలి. ఎక్స్‌బాక్స్‌లో ఇద్దరికీ స్ట్రిక్ట్ అని ఉంటే ఇద్దరూ ఒకరికొకరు వినబడరు, ఓపెన్ అని ఉన్నవాళ్లతో బాగానే మాట్లాడతారు. రూటర్‌లో యూపీఎన్‌పీ (కావాల్సిన పోర్టుల్ని తానే తెరిచే సెట్టింగు) ఆన్ చేసి రూటర్‌ని, కన్సోల్‌ని ఆపి మళ్లీ తెరవండి. అప్పటికీ మారకపోతే రూటర్ పేజీలో బయటి ఐపీ అడ్రస్ చూడండి. అది 100.64 నుంచి 100.127 లోపు మొదలైతే నెట్ ఇచ్చేవాళ్లు ఒకే పబ్లిక్ అడ్రస్‌ని చాలా ఇళ్లకి పంచుతున్నారని అర్థం, మీ రూటర్‌లో ఎన్ని పోర్టులు తెరిచినా ఉపయోగం లేదు. వాళ్లని పబ్లిక్ ఐపీ అడగాలి, లేదా అందరూ డిస్కార్డ్‌కి మారాలి, అక్కడ మాట సర్వర్ మీదుగానే పోతుంది కాబట్టి ఈ గొడవ ఉండదు.

డిస్కార్డే కనెక్ట్ అవకుండా నో రూట్ అంటుంటే వీపీఎన్ ఆపండి. డిస్కార్డ్ వాయిస్ యూడీపీ అనే డేటా పంపే పద్ధతి మీద నడుస్తుంది, చాలా ఉచిత వీపీఎన్‌లు దాన్ని మోయవు. కాలేజీ హాస్టల్ వై-ఫైలో వస్తే అక్కడి ఫైర్‌వాల్ ఆపుతుండొచ్చు, మొబైల్ డేటాకి మారి చూస్తే తేలిపోతుంది.

గొంతు రోబోలా, ముక్కలు ముక్కలుగా వస్తోంది

దీనికి అందరూ చెప్పే మందు ప్లాన్ పెంచుకోమని. తప్పు. డిస్కార్డ్ మామూలుగా సెకనుకి 64 కిలోబిట్లలో మాటని పంపుతుంది, 100 ఎంబీపీఎస్ కనెక్షన్‌కి అది లెక్కలోకే రాదు. మాటని సాధారణంగా 20 మిల్లీసెకన్ల ముక్కలుగా కోసి, సెకనుకి 50 ముక్కలు పంపుతారు. ఆ ముక్కలు దారిలో పోయినా, ముందూ వెనకా వచ్చినా గొంతు రోబో అవుతుంది. అంటే కావాల్సింది వేగం కాదు, తడబడకుండా వెళ్లడం.

ముందు టాస్క్ మేనేజర్ చూడండి. సీపీయూ 100 శాతంలో కొట్టుకుంటుంటే గొంతుని కోసి పంపడానికే దానికి తీరిక ఉండదు, గేమ్‌లో ఎఫ్‌పీఎస్‌కి (సెకనుకి గీసే బొమ్మల లెక్కకి) పరిమితి పెట్టండి. అది బాగుంటే కమాండ్ ప్రాంప్ట్ రెండు తెరవండి. ఒకదాంట్లో రూటర్‌కి, అంటే ఎక్కువ ఇళ్లలో 192.168.1.1 లేదా 192.168.0.1కి, రెండోదాంట్లో గూగుల్ సర్వర్ 8.8.8.8కి ఆగకుండా పింగ్ (ping -t, చిన్న ముక్క పంపి జవాబు ఎంతసేపట్లో వస్తుందో చూసే కమాండ్) పెట్టి ఆట ఆడండి. రూటర్‌కే పింగ్ ఎగిరెగిరి పడుతుంటే తప్పు మీ ఇంట్లోనే, వై-ఫైది. అపార్ట్‌మెంట్‌లో అందరి రూటర్లూ 2.4 గిగాహెర్ట్జ్ మీదే అరుచుకుంటుంటాయి, 5కి మారండి, అది గోడలు అంతగా దాటదు కాబట్టి రూటర్ ఉన్న గదిలో ఆడండి, ఇంకా మంచిది వైరు లాగేయడం.

రూటర్ నిలకడగా ఉండి 8.8.8.8 మాత్రం ఎగురుతుంటే ఇంట్లో ఎవరి ఫోనైనా ఫొటోలు బ్యాకప్ చేస్తోందేమో చూడండి. అప్‌లోడ్ నిండిపోతే మీ మాట ఆ ఫొటోల వెనక వరసలో నిలబడుతుంది. బ్యాకప్ ఆపితే తగ్గిందంటే రూటర్‌లో అప్‌లోడ్‌కి, మీకొచ్చే వేగంలో 85 శాతం దగ్గర, పరిమితి పెట్టేయండి. గేమ్‌లో సర్వర్ కూడా ముంబై ఉందో సింగపూర్ ఉందో చూసుకోండి. ముంబై మనకి నేరుగా 1100 కిలోమీటర్లు, సింగపూర్ 2900 దాకా.

ఇవేవీ కాకపోతే బయటి లైను. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ వచ్చి వెళ్లాక ఊళ్లో చాలాచోట్ల కరెంటు తీగల్ని భూమిలోకి దింపారు గానీ నెట్ కేబుళ్లు ఇంకా స్తంభాల మీంచి, డాబాల మీంచి వేలాడుతూనే వస్తుంటాయి. గాలి వీచిన రాత్రి మాత్రమే గొంతు తెగుతోందంటే అనుమానం దానిమీదే. ఫైబర్ పెట్టెలో ఎల్‌ఓఎస్ అనే లైటు ఎర్రగా వెలిగితే లైను తెగినట్టే. గోడ దగ్గర సన్నటి తెల్ల వైరు మరీ వంగి ఉన్నా వెలుతురు సరిగ్గా పారదు, దాన్ని గుండ్రంగా వదులుగా చుట్టండి. కరెంటు రెప్పపాటు పోయి వచ్చినప్పుడల్లా అందరూ మాయమైతే రూటర్‌కి 12 వోల్టుల చిన్న యూపీఎస్ చాలు.

ఫిర్యాదు చేసేటప్పుడు "నెట్ స్లో" అనొద్దు. స్పీడ్ టెస్ట్ నడిపి, బాగానే ఉంది సార్ అని టికెట్ మూసేస్తారు, మా వీధిలో అలా మూసిన టికెట్లు చాలానే ఉన్నాయి. వైరు పెట్టి చూశాను, రూటర్‌కి పింగ్ బాగుంది, బయటికి వెళ్లేటప్పుడు ప్యాకెట్లు పోతున్నాయి, రోజూ రాత్రి ఫలానా టైములో అని చెప్పి ఆ రెండు కమాండ్ ప్రాంప్ట్‌ల స్క్రీన్‌షాట్ పంపండి. అప్పుడు కాల్ సెంటర్‌ని దాటి లైన్‌మ్యాన్ దాకా వెళ్తుంది.