భూసేకరణలో గడువు చిక్కులు: సమస్య ఎక్కడ, ఏం చేయాలి

మా వైపు కాలువో, రిజర్వాయరో, సోలార్ పార్కో, హైవేనో, ఏదో ఒకదానికి భూమి పోని మండలం తక్కువ. నోటీసు రాగానే ఊర్లో అందరూ అడిగేది ఎకరాకు ఎంతిస్తారనే, తేదీ సంగతి ఎవరికీ పట్టదు. అసలు దెబ్బ తగిలేది అక్కడే. 2014 జనవరి 1 నుంచి అమల్లో ఉన్న 2013 భూసేకరణ చట్టం అధికారులకూ గడువులు పెట్టింది, రైతుకూ పెట్టింది. కాకపోతే వాళ్ళ గడువు పెంచుకునే వీలు చట్టంలోనే ఉంది, మన గడువు దాటితే మాత్రం కారణాలు చెప్పుకుంటూ ఆఫీసుల చుట్టూ తిరగాలి.

చేనులో రాళ్లు పాతారు, కాగితం మాత్రం రాలేదు

ఇంటికి కాగితం రాలేదంటే నోటిఫికేషన్ లేనట్టు కాదు. 11వ సెక్షన్ కింద ఇచ్చే ప్రాథమిక నోటిఫికేషన్ గెజిట్‌లో, రెండు దినపత్రికల్లో, పంచాయతీ, తహశీల్దార్, ఆర్డీవో, కలెక్టర్ ఆఫీసుల్లో, వెబ్‌సైట్‌లో వేస్తారు. అది వచ్చినప్పటి నుంచి అభ్యంతరం చెప్పడానికి 60 రోజులే. బెంగళూరుకు పనికి పోయినవాళ్ళకు సంగతి తెలిసేసరికి సగం రోజులు అయిపోయుంటాయి.

ఆర్డీవో ఆఫీసులో కాపీ అడిగి తీసుకోండి, మీ సర్వే నెంబరు, విస్తీర్ణం, పేరు సరిగా ఉన్నాయో లేదో చూడండి. గెజిట్‌కొక తేదీ, పేపర్‌కొక తేదీ ఉంటే అన్నిటికన్నా ముందున్న తేదీ నుంచి లెక్కపెట్టుకోండి, టెన్షన్ ఉండదు. అభ్యంతరం కలెక్టర్‌కు రాతపూర్వకంగా ఇవ్వాలి, నోటితో చెప్పింది లెక్కలోకి రాదు. స్వయంగా వచ్చి చెప్పుకుంటానని కూడా అందులోనే రాయండి, అది మీ హక్కు. అందినట్టు ముద్ర, తేదీ వేయించుకోకుండా మాత్రం బయటికి రావద్దు. తర్వాత 21వ సెక్షన్ నోటీసు వస్తుంది, అందులో చెప్పిన రోజుకు మీ క్లెయిమ్ ఇవ్వాలి. చీనీ చెట్లు ఎన్ని, బోరు ఎన్ని అడుగులు, పైపులైను ఎంత దూరం, అన్నీ అక్కడే రాసుకోవాలి.

నోటిఫికేషన్ ఇచ్చి రెండేళ్లయింది, ఉలుకూ పలుకూ లేదు

ఇది చాలామందిని నలిపేస్తుంది. నోటిఫికేషన్ వచ్చాక ఆ భూమి అమ్మడానికి లేదు, కుదువ పెట్టడానికి లేదు; బిడ్డ పెళ్లి వచ్చినా, ఆస్పత్రి ఖర్చు వచ్చినా భూమి ఉండీ లేనట్టే. చట్టం ప్రకారం నోటిఫికేషన్ తేదీ నుంచి 12 నెలల్లో 19వ సెక్షన్ డిక్లరేషన్, అంటే ఈ భూమి తీసుకుంటున్నామన్న ఖరారు ప్రకటన, రావాలి, రాకపోతే నోటిఫికేషన్ రద్దయినట్టే. డిక్లరేషన్ నుంచి ఇంకో 12 నెలల్లో అవార్డు, అంటే ఎవరికెంత పరిహారమో తేల్చే కలెక్టర్ ఉత్తర్వు, రావాలి, లేకపోతే 25వ సెక్షన్ ప్రకారం మొత్తం సేకరణే పోతుంది.

అయితే సంతోషపడే ముందు రెండు విషయాలు చూడాలి. కోర్టు స్టే ఉంటే డిక్లరేషన్ గడువులోంచి ఆ రోజులు తీసేస్తారు. ప్రభుత్వం గడువు పెంచి ఉండొచ్చు కూడా, కానీ ఆ నిర్ణయం కారణాలతో రాతలో ఉండాలి, నోటిఫై చేయాలి, వెబ్‌సైట్‌లో పెట్టాలి. "పైనుంచి పెంచారంట" అనే మాట చెల్లదు. సమాచార హక్కు చట్టం కింద నోటిఫికేషన్, డిక్లరేషన్, గడువు పెంచిన ఉత్తర్వు కాపీలు అడగండి, 30 రోజుల్లో జవాబివ్వాలి. ఉత్తర్వు లేదని తేలితే ఆ కాగితాలతో హైకోర్టులో రిట్ వేయవచ్చు. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయర్‌ను ఇస్తుంది, ఆదాయంతో పనిలేదు.

చెక్కు తీసుకున్నా, ఇప్పుడు చాలా తక్కువని తెలిసింది

మా పెదనాయనకు జమ్మలమడుగు దగ్గర రెండెకరాల నల్లరేగడి కాలువకు పోయింది. చెక్కు ఇచ్చేటప్పుడు ఆఫీసులో ఒకాయన "సంతకం పెట్టు పెద్దాయనా, కావాలంటే కోర్టుకు తర్వాత పోవచ్చులే" అన్నాడు. ఆయన పెట్టేశాడు. అంతే, 77వ సెక్షన్ ప్రకారం అభ్యంతరం తెలపకుండా డబ్బు తీసుకున్నవాళ్ళు రేటు పెంచమని 64వ సెక్షన్ కింద అడగలేరు. ఆ ఒక్క మాట ఎవరైనా చెప్పి ఉంటే అని నాకు ఇప్పటికీ మనసు కలుక్కుమంటుంది. డబ్బు తీసుకోండి, ఇంట్లో అవసరం ఉంటుంది, కానీ సంతకం పక్కన "పరిహారం చాలదు, అభ్యంతరంతో తీసుకుంటున్నాను" అని మీ చేత్తో రాసి ఫోటో తీసుకోండి. కన్సెంట్ అవార్డు (ఈ రేటుకు ఒప్పుకుంటున్నానని ఇచ్చే) కాగితం అయితే చదవకుండా అసలు సంతకం పెట్టొద్దు, ఒప్పుకున్నాక మళ్ళీ ఎక్కువ అడిగే దారి మూసుకుపోతుంది.

64వ సెక్షన్ దరఖాస్తుకు, అవార్డు చెప్పినప్పుడు మీరు అక్కడుంటే ఆ రోజు నుంచి 6 వారాలు. లేకపోతే కలెక్టర్ నోటీసు అందినప్పటి నుంచి 6 వారాలు, లేదా అవార్డు తేదీ నుంచి 6 నెలలు, ఏది ముందు ముగిస్తే అదే. అది కూడా దాటితే, తగిన కారణం చూపిస్తే కలెక్టర్ ఇంకో ఏడాదిలోపు తీసుకోవచ్చు, కాబట్టి ఆస్పత్రి చీటీలు, వలస పోయిన ఆధారాలు పారేయొద్దు. దరఖాస్తు ఇచ్చాక కలెక్టర్ 30 రోజుల్లో అథారిటీకి (పరిహారం తగాదాలు తేల్చే న్యాయ సంస్థకు) పంపాలి, పంపకపోతే మీరే అథారిటీకి అర్జీ పెట్టి పంపించమని అడగొచ్చు.

మీరు 64 కింద వెళ్ళకపోయినా, అదే నోటిఫికేషన్‌లోని పక్క రైతుకు అథారిటీ రేటు పెంచితే, ఆ తీర్పు తేదీ నుంచి 3 నెలల్లో 73వ సెక్షన్ కింద కలెక్టర్‌ను అడగవచ్చు. అందుకే పక్క చేను వాళ్ళ కేసు ఎక్కడిదాకా వచ్చిందో కనుక్కుంటూ ఉండాలి.

అవార్డు వచ్చింది, డబ్బు రాలేదు, మిషన్లు దిగాయి

అవార్డు నుంచి 3 నెలల్లో పరిహారం, 6 నెలల్లో పునరావాసం డబ్బు ఇవ్వాలి, అవి ఇచ్చాకే స్వాధీనం. ముందే తీసుకుంటే మొదటి ఏడాది 9 శాతం, ఆ తర్వాత 15 శాతం వడ్డీ అడగండి. స్వాధీనం చేసుకున్న తేదీకి రుజువుగా ఆ రోజే ఫోటోలు తీసి పెట్టుకోండి.

పాత 1894 చట్టం కింద పోయిన భూమి

2014కు అయిదేళ్లకు పైగా ముందే అవార్డు అయినవాటి గురించి 2020లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చేసింది. పరిహారమూ ఇవ్వక, స్వాధీనమూ చేసుకోక, రెండూ జరగకపోతేనే సేకరణ రద్దవుతుంది.

60 రోజులనుకున్నా, 21 రోజులకే అయిపోయిందన్నారు

అది జాతీయ రహదారి అయ్యుంటుంది. పులివెందుల మీదుగా పోయే బెంగళూరు–విజయవాడ కారిడార్ లాంటివాటికి 1956 జాతీయ రహదారుల చట్టం. అక్కడ అభ్యంతరానికి 21 రోజులే, ఏడాదిలో డిక్లరేషన్ రాకపోతే మొదటి నోటిఫికేషన్ పనిచేయదు, డిక్లరేషన్ వచ్చిన రోజే భూమి కేంద్రానిది అయిపోతుంది. రేటు చాలకపోతే ఆర్బిట్రేటర్ (తగాదా తేల్చే మధ్యవర్తి) దగ్గరికి పోవాలి. ఆ తీర్పూ నచ్చకపోతే కోర్టులో సవాలు చేయడానికి 3 నెలలు, కారణం చూపితే ఇంకో 30 రోజులు. ఆపైన ఒక్కరోజు ఆలస్యమైనా కోర్టు కూడా మన్నించలేదు.